ముఖం నాది, గొంతు సిముజార్‌ది

ఫిబ్రవరి 2, 1971. బాకు.

షాహ్మార్ వచ్చాడు. సినిమా డైరెక్టరన్నవాడు నా మెట్లెక్కి చాలా ఏళ్ళయింది. మూడో అంతస్తు చేరేసరికే రొప్పుతున్నాడు, నలభై కూడా లేవు. మాస్కోలో చదువుకుని వచ్చినవాళ్ళంతా ఇంతే. వ్యాయామమంతా తలకే.

టీ పోసి అంజీరు మురబ్బా పెట్టాను. తిన్నాడు. వాళ్ళమ్మ ఆరోగ్యం చెప్పాడు, చలి గురించి చెప్పాడు. నేను కదపలేదు. అడిగితే అలుసు.

"ఖానుమ్, ఒక తల్లి పాత్ర ఉంది," అన్నాడు చివరికి.

"తల్లి ఎన్నో సీన్లో చస్తుంది?"

"చావదు. సినిమా అంతా ఆమే."

గ్లాసు కింద పెట్టి, అతనికి మురబ్బా ఇంకో చెంచా వడ్డించాను.

కొడుకు యుద్ధానికి పోయి తిరిగిరాలేదు. తల్లి ఆనాటి నుంచీ వీధి తలుపు గడియ వెయ్యదు. కథ అంతే. మే నెలలో షూటింగు.

"మీ ముఖం తెరమీద కనపడగానే జనం కుర్చీలకి అతుక్కుపోవాలి," అన్నాడు.

"మరి గొంతు?"

"అదెప్పుడూ సిముజార్ ఖానుమ్‌దే కదా. జనానికి మీరిద్దరూ ఒకే మనిషి."

మంచి కుర్రాడే. మాటతీరే తెలియదు.

ఫిబ్రవరి 3

రాత్రి నిద్ర పట్టలేదు, సంతోషంతో. నా గురించి నేనే రాసుకోవాలి, ఇంక రాసేవాళ్ళు ఎవరూ లేరు గనక.

నేను నటినవుదామని ఇల్లు దాటలేదు. సైనికుల చొక్కాలు కుట్టే వర్క్‌షాపులో గుండీలు కుట్టేదాన్ని. ఒక రోజు మేస్త్రీతో దెబ్బలాడుతుంటే కిటికీలోంచి సినిమావాడొకడు చూశాడు. మర్నాడు కెమెరా ముందు నిలబెట్టాడు. మా అన్న నన్ను చంపుతానని కత్తి నూరాడు. రెండు సినిమాలు ఆడాక అదే అన్న ఇంటిల్లిపాదికీ ఫ్రీ టిక్కెట్లు కావాలని వచ్చి కూర్చున్నాడు. కత్తి మాత్రం మా వదిన చేపలు కొయ్యడానికి పనికొచ్చింది.

బడి మొహం నేను చూడలేదు. పోస్టర్లమీద నా పేరు చూసి అక్షరాలు పట్టుకున్నాను. పట్టుకునేసరికి ప్రభుత్వం అక్షరాలే మార్చేసింది. మళ్ళీ కొత్తవి నేర్చుకున్నాను. ఇప్పటికీ ఎవరైనా చదువుకున్నవాణ్ణని విర్రవీగితే, "ఏ అక్షరాల్లో నాయనా?" అని అడుగుతాను.

అన్నీ నేర్చుకున్నాను, ఒక్క యాస మాత్రం పోలేదు. మాది మష్తగా అనే ఊరు. సముద్రం ఒడ్డు పల్లెటూరు, అక్కడ గాలిని దాటి వినపడాలంటే అరవాలి. మాటల సినిమా వచ్చిన మొదటి రోజు నేను నోరు తెరిచాను. డైరెక్టరు చెవులకున్న తొడుగులు తీసేసి, "ముఖం చూస్తే చందమామ, నోరు తెరిస్తే గొర్రెల సంత," అన్నాడు. స్టూడియో అంతా నవ్వింది. అప్పుడు నాటకాల నుంచి సిముజార్‌ని తెచ్చారు, నా నోటికి గొంతు తొడగడానికి.

దేవుడు సిముజార్ గొంతు చేశాక అలిసిపోయి, ముఖం మధ్యలో వదిలేసి భోజనానికి లేచినట్టున్నాడు. నేను అన్న మాట కాదిది, స్టూడియోలో అందరూ అనేవారు. నేను మళ్ళీ మళ్ళీ అన్నాను, అంతే.

అప్పటి నుంచీ నా సినిమాలన్నిటికీ ఆమే. నేను పెదవులు కదుపుతాను, దేశమంతా ఆమెను వింటుంది. డబ్బింగ్ చెప్పినవాళ్ళ పేరు తెరమీద వెయ్యరు, అదొక పద్ధతి. ఏ పద్ధతైనా ఊరికే పెట్టరు.

ఫిబ్రవరి 11

మా వాకిలి చుట్టూ ఉన్న వాటాలన్నిటికీ ఫోను నా ఇంట్లోనే ఉంది. ప్రభుత్వం నాకు నటిగా బిరుదు ఇచ్చిన ఏడు దాంతోపాటు ఇచ్చారు. బిరుదు ఎవరికీ అక్కర్లేదు, ఫోను మాత్రం అందరికీ కావాలి. సిముజార్ కింది వాటాలో ఉంటుంది. పొద్దున్న మెట్లెక్కి వచ్చి ఊపిరాడక గుమ్మంలోనే కూలబడింది. నెలరోజులుగా బొంగురుగా మాట్లాడుతోంది. జలుబనుకున్నాను.

"డాక్టరు చూశాడే. గొంతులో ఏదో పెరిగిందట. కొయ్యాలట."

"కోస్తే?"

"త్వరగా కోస్తే సగం గొంతు మిగుల్తుందట. ఆలస్యమైతే మొత్తం తియ్యాల్సిందే అన్నాడు. ఆస్పత్రిలో మంచం ఖాళీ కాగానే కబురు చేస్తారట. నీ ఫోను నంబరు ఇచ్చి వచ్చాను. ఏమీ అనుకోవుగా?"

"అనుకునేదేముందే. నా ఫోను నీ ఫోను కాదూ?"

"అంతేలే. నా నోరు నీ నోరు అయినప్పుడు," అని నవ్వింది. నవ్వు దగ్గయింది. మంచినీళ్ళిచ్చాను. వీపు రాశాను. ఎముకలే తగిలాయి.

తన మేనకోడలు రేహాన్ ఒక్కతే ఆమెకు దిక్కు, అదీ పొద్దస్తమానం బట్టల మిల్లులో ఉంటుంది. నేను లేకపోతే ఏమైపోయేదో.

ఫిబ్రవరి 12

సగం గొంతు. సగం గొంతుతో తల్లి ఎట్లా మాట్లాడుతుంది?

ఫిబ్రవరి 15

స్టూడియోకి వెళ్ళాను. నీలం కోటు వేసుకున్నాను. గేటు దగ్గర కాపలావాడు పాసు అడిగాడు. నన్ను. లోపల గోడమీద నా బొమ్మే వేలాడుతోంది, అది చూపించి, "ఇదే పాసు," అన్నాను. వాడు బొమ్మనీ నన్నూ మార్చి మార్చి చూసి, "మీ అమ్మాయా?" అన్నాడు.

షాహ్మార్‌తో చెప్పాను. "ఎప్పుడూ బొమ్మ ముందు తీసి, గొంతు తర్వాత అతికిస్తారు. ఈసారి గొంతు ముందు పట్టించు నాయనా. ఆ రికార్డు వినపడుతుంటే నేను నటిస్తాను. పాటలకి అట్లాగే చేస్తారుగా."

"పెళ్ళికాకుండానే పిల్లాడికి పేరు పెట్టినట్టుంది," అన్నాడు.

"సిముజార్‌కి జలుబు ముదిరింది. వేసవికి కొండలమీదికి పోయి విశ్రాంతి తీసుకుంటుందట. ఆ తర్వాత నీకు దొరకదు."

సౌండు చూసే ముసలి సేమ్యోన్ పక్కనే సిగరెట్టు చుట్టుకుంటున్నాడు. "సాధ్యమే," అన్నాడు. "లౌడుస్పీకరు పెట్టి మాట వదులుతాం. ముఖం దానికి అందుకోవాలి. జర్నిగార్ ఖానుమ్ అందుకుంటుంది. జీవితమంతా అదే పని గదా ఆమెకి."

షాహ్మార్ ఒప్పుకున్నాడు. సిముజార్‌కి చెబితే చిన్నపిల్లలా సంబరపడింది. "మంచం ఖాళీ అయ్యేలోపు చెప్పేస్తానులే," అంది.

ఫిబ్రవరి 19

ఆస్పత్రి నుంచి ఫోను. రేపు చెబుతాను.

ఫిబ్రవరి 20

ఉత్తరగాలి. బాల్కనీలో ఆరేసిన దుప్పట్లు ఎగిరి పక్క వాకిట్లో పడ్డాయి. బజారులో కుతుం చేప వచ్చింది, అక్రోటు పొడి కూరి కాల్చాను. ఒక ముక్క సిముజార్‌కి పంపించాను. మింగలేకపోయిందట, పులుసైతే తాగేదాన్ని అంది. రేపు పులుసు పెడతాను.

మురబ్బా చేసేటప్పుడు అంజీరును మధ్యలో కలపకూడదు. కలిపితే చితుకుతుంది. ఓపిక పట్టాలి. ఈ కాలం ఆడపిల్లలకి అది లేదు.

ఫిబ్రవరి 24

మళ్ళీ ఆస్పత్రి. ఈసారి ఒక అమ్మాయి. గట్టి గొంతు.

"అక్కయ్యగారూ, సిముజార్ ఖానుమ్ రాలేదేం? మంచం అట్టే ఉంచలేం."

"ఆమె ఊళ్ళో లేదు, గంజా పట్నంలో ఉంది, వాళ్ళక్క దగ్గర," అన్నాను. నోటికొచ్చింది అన్నాను.

"ఎప్పుడొస్తుంది?"

"నవ్రూజ్ పండగ ముందు."

"ఇంకొకళ్ళకి ఇచ్చేస్తాం మరి. తిరిగి రాగానే చెప్పండి, మళ్ళీ వరసలో పెడతాం."

ఎవరో ఒకరికి మంచం దొరికింది. పుణ్యమే. ఆస్పత్రి మంచం కంటే ఇంటి గాలి మంచిదని మా అమ్మ అనేది. ఆస్పత్రి గడప తొక్కకుండానే, పాపం, నలభై దాటీదాటకముందే పోయింది.

మార్చి 2

రికార్డింగు మొదలైంది. ట్రాము కుదుపులకి సిముజార్ మెడ పట్టుకుని కూచుంది. కంఠానికి ఉన్ని గుడ్డ చుట్టాను. తేనె, వెన్న కలిపి వేడిపాలు ఫ్లాస్కులో పోసి తెచ్చాను. ఆమె అద్దాల గదిలో, మేము ఇవతల.

మొదటి మాట చెప్పింది. వాకిట్లో నిలబడి తల్లి పొరుగామెతో అనే మాట: "గడియ వెయ్యకమ్మా, వాడికి తలుపు కొట్టే అలవాటు లేదు."

ఆ బొంగురు, ఆ చీలిక, మాట చివర గాలి అయిపోయి ఆగడం. సేమ్యోన్ సిగరెట్టు ఆరిపోయింది. షాహ్మార్ లేచి అద్దం దగ్గరకి పోయి నిలబడ్డాడు.

"ఇది జలుబు కాదు," అన్నాడు నెమ్మదిగా.

"నటన," అన్నాను నేను. "నాటకాలవాళ్ళు. వాళ్ళకి అలవాటే."

ఈ గొంతు నా ముఖానికి పెడితే జనం చచ్చిపోతారు. దేవుడు మేలు చేశాడు.

మార్చి 5

షాహ్మార్ నా వైపు కూర్చోవడం లేదు. అద్దానికి ముక్కు ఆనించి నిలబడతాడు. నేను స్క్రిప్టు గురించి ఏదో అడిగితే, "ష్," అన్నాడు. నన్ను ష్ అన్నాడు.

మార్చి 8

మహిళా దినోత్సవం, స్టూడియో విందు. పెద్దల బల్ల దగ్గర కూర్చోబెట్టారు. ఇద్దరు ముగ్గురు మంత్రుల భార్యలు వచ్చి, "ఏదీ, ఆ పత్తి చేను సీనులో మాట ఒకసారి చెప్పరూ," అన్నారు. చెప్పాను. సిముజార్ ఎట్లా చెప్పిందో అట్లాగే, ఎక్కడ ఊపిరి పీల్చిందో అక్కడే పీల్చి. చప్పట్లు కొట్టారు. "అచ్చం సినిమాలో లాగే," అన్నారు. నలుగురిలో ఎప్పుడూ ఆ గొంతుతోనే మాట్లాడతాను. మష్తగా యాస ఇంటివరకే, పిల్లితో.

సిముజార్‌ని విందుకి పిలవలేదు. పిలిచినా రాలేని స్థితి.

మార్చి 12

అయిపోయింది. చివరి మాట చెప్పాక సిముజార్ చేతిరుమాలు నోటికి అడ్డం పెట్టుకుంది. తీస్తే ఎర్రగా ఉంది. మడిచి సంచిలో పెట్టేసుకుని, "దానిమ్మ తిన్నాను," అంది. ఈ నెలలో దానిమ్మలెక్కడివి?

"ఆస్పత్రి నుంచి కబురేమీ రాలేదా?" అని అడిగింది ట్రాములో.

"వస్తుందిలే. నువ్వు మాట్లాడకు, గొంతుకి మంచిది కాదు."

మార్చి 16

నవ్రూజ్ ముందు చివరి మంగళవారం. వాకిట్లో మంటలు వేశారు. పిల్లలు దూకారు, నేను కూడా లంగా పైకెత్తి ఒకసారి దూకాను. ఈ సాయంత్రం తలుపు వినే ఆనవాయితీ ఉంది. మనసులో ఒక కోరిక పెట్టుకుని, ఇరుగుపొరుగు గుమ్మం దగ్గర చాటుగా నిలబడాలి. లోపల్నుంచి మొదట ఏ మాట వినపడితే ఏడాదంతా అదే ఫలం. అందుకే ఈ రోజు ఏ ఇంట్లోనూ ఎవరూ చెడు మాట్లాడరు. చిన్నప్పుడు మా పిన్ని ఒక తలుపు దగ్గర నిలబడితే, "మాడిపోయింది," అని వినపడింది. అన్నం గురించి. అయినా ఆమె పెళ్ళి చేసుకోనే లేదు.

నేను తల్లి పాత్ర తలుచుకుని సిముజార్ గుమ్మం దగ్గర నిలబడ్డాను.

లోపల రేహాన్ అడుగుతోంది: "ఆస్పత్రివాళ్ళు నిన్ను మర్చిపోలేదు గదా అత్తా?"

సిముజార్ గాలి లాంటి గొంతుతో అంది: "ఫోను చేస్తే జర్నిగార్ చెప్పకుండా ఉంటుందా? ఎంతైనా మనిషి మంచిది."

మొదటి మాటే నా పేరు, అదీ మంచితో కలిసి. ఇంతకంటే శుభం ఉండదు. పైకి వచ్చి, పండగకని పళ్ళెంలో పెంచుతున్న గోధుమ మొలకలకి నీళ్ళు పోశాను.

మార్చి 17

నేనే ఆస్పత్రికి ఫోను చేసి, సిముజార్ గంజా నుంచి తిరిగొచ్చిందని చెప్పాను. తర్వాత కిందికి దిగి, "ఆస్పత్రివాళ్ళు పిలిచారే," అన్నాను. నా చెయ్యి పట్టుకుని ముద్దు పెట్టుకుంది.

ఏప్రిల్ 3

కోశారు. మొత్తం తీసేశారు. మెడలో రంధ్రం పెట్టారట, ఊపిరికి.

డాక్టరు రేహాన్‌తో అన్నాడట, ఫిబ్రవరిలో వచ్చి ఉంటే సగం నిలిచేదని. డాక్టర్లు ఎప్పుడూ అట్లాగే అంటారు. బతికితే మా గొప్ప, లేకపోతే మీ ఆలస్యం.

ఏప్రిల్ 4

డాక్టర్లు అట్లాగే అంటారు.

ఏప్రిల్ 12

ఆస్పత్రికి వెళ్ళాను, నారింజలు పట్టుకుని. అంతకు ముందే షాహ్మార్ అక్కడున్నాడు. మంచం పక్కన స్టూలు మీద కూచుని, ఆమె ముఖాన్ని చూస్తున్నాడు. రోగిని చూసే చూపు కాదు. ఆ చూపు నేనెరుగుదును. కిటికీలోంచి గుండీలు కుట్టే పిల్లని చూసిన చూపు అది.

నారింజలు ఎవరికీ ఇవ్వకుండానే తిరిగొచ్చాను.

ఏప్రిల్ 20

బట్టలు కుట్టే గదిలో కొలతలు తీసుకున్నారు. నల్ల గౌను, ముదురు ఎరుపు పట్టు తలగుడ్డ. దర్జీ అమ్మాయి, "నడుం బాగా పెరిగింది ఖానుమ్," అంది. "తల్లి పాత్ర గదా," అన్నాను.

ఏప్రిల్ 29

షాహ్మార్ వచ్చాడు. ఈసారి రొప్పలేదు, మెట్లమీద ఆగి ఆగి వచ్చినట్టున్నాడు. టీ ముట్టలేదు. టీ ముట్టనివాడు మంచి మాట చెప్పడు.

"ఖానుమ్, మీరే నాకు దారి చూపించారు. ముందు గొంతు పట్టిద్దామన్నారు. మీ ఆలోచన లేకపోతే ఇది అసాధ్యం."

"ఏది?"

"ఆ గొంతు విన్న దగ్గర్నుంచీ నాకు వేరే ముఖం కనపడటం లేదు. తల్లి పాత్ర సిముజార్ ఖానుమ్ వేస్తారు."

నవ్వాను. నిజంగానే నవ్వొచ్చింది. "ఆమె మూగది నాయనా."

"గొంతు టేపులో ఉంది గదా. తన మాటకి తనే పెదవులు కదుపుతుంది."

"మెడలో రంధ్రం?"

"తలగుడ్డ మెడ చుట్టూ తిప్పి కడతాం. పల్లెల్లో ముసలమ్మలు అట్లాగే కడతారు."

"ఆ ముఖం చూడటానికి జనం వస్తారా? నిజం చెప్పు."

"మీ ముఖం చూస్తే జనానికి పాత సినిమాలు గుర్తొస్తాయి ఖానుమ్. ఆమె ముఖం చూస్తే వాళ్ళమ్మ గుర్తొస్తుంది."

"బయటికి నడువు," అన్నాను, మష్తగా యాసలోనే.

గుమ్మం దగ్గర ఆగి, "ఆ నల్ల గౌను ఆమెకి సరిపోయేలా తగ్గించమన్నాను," అన్నాడు. ఎందుకు చెప్పాడో. మాటతీరు తెలియదు, మొదటి రోజే రాసుకున్నాను.

ఏప్రిల్ 30

లేవలేదు.

మే 1

మేడే. వీధిలో బ్యాండు. లేవలేదు.

మే 6

సిముజార్ ఇంటికొచ్చింది. వాకిట్లో ఆడవాళ్ళంతా చుట్టూ మూగారు. నేను బాల్కనీ నుంచి చూశాను. తలెత్తి చెయ్యి ఊపింది, రమ్మని. ఎట్లా పోకుండా ఉంటాను, నలుగురూ చూస్తుంటే?

బడిపిల్లల పలక ఒకటి ఒళ్ళో పెట్టుకుంది. ఇప్పుడు అదే ఆమె నోరు. నన్ను పక్కన కూర్చోబెట్టుకుని, చెయ్యి నిమిరి, సుద్దముక్క తీసి రాసింది:

"నేను గంజాలో ఉన్నానా?"

ఆస్పత్రిలో ఆ గట్టి గొంతు అమ్మాయి చెప్పి ఉంటుంది. ఆ అమ్మాయి నోట్లో నువ్వుగింజ నానదని అప్పుడే అనుకున్నాను.

"పొరపాటు పడ్డారేమో వాళ్ళు," అన్నాను. "ఆస్పత్రుల్లో ఎంతమంది సిముజార్‌లో."

తల ఊపింది. పలక తుడిచింది. మళ్ళీ రాసింది: "అక్క పోయి పదేళ్ళయింది."

"మర్చిపోయాను," అన్నాను. నిజంగానే మర్చిపోయాను. అదైనా అబద్ధం కాదు.

ఆమె ఏడవలేదు, తిట్టలేదు. తిట్టడానికి గొంతు లేదు గదా. రేహాన్ టీ తెచ్చింది. తాగి వచ్చాను.

మే 7

సినిమా కోసమే చేశాను ఏం చేసినా. ఆ గొంతు సినిమాకి దక్కింది. ముందే కోసేసి ఉంటే ఆస్పత్రి బుట్టలో పోయేది. ఎవరైనా ఆలోచిస్తే నాకే మొక్కాలి.

జూన్ 18

షూటింగు కారు రోజూ మా వాకిలి ముందు ఆగుతుంది. సిముజార్ కోసం. డ్రైవరు దిగి తలుపు తీస్తాడు. ఆ డ్రైవరు ఒకప్పుడు నాకు తీసేవాడు. కారు హారను కొట్టగానే పిల్లలంతా, "సిముజార్ నాయనమ్మ సినిమాకి పోతోంది," అని గోల. నా పిల్లి కూడా మెట్లు దిగి చూడటానికి పోయింది.

ఆగస్టు

ఎండ. రాయడానికేమీ లేదు.

నవంబరు 20

షాహ్మార్ ఫోను చేశాడు. నేను పెట్టేశాను. మళ్ళీ చేశాడు.

"ఖానుమ్, పెట్టెయ్యకండి. సినిమా మాస్కో కమిటీ చూసింది. బాగుందన్నారు. ముగింపు మరీ చీకటిగా ఉందట, తల్లి నోట ఒక ధైర్యపు మాట చెప్పించమన్నారు. లేకపోతే విడుదల లేదు."

"చెప్పించు."

"గొంతేదీ? టేపులో ఆ మాట లేదు. ఆమె వీపు కనపడే షాట్ ఒకటుంది, దానిమీద వేస్తాను. కానీ గొంతు ఆమెదే కావాలి. దేశంలో సిముజార్ ఖానుమ్ గొంతు చెప్పగలిగిన మనిషి ఒక్కరే ఉన్నారు."

రిసీవరు ఇంకో చెవికి మార్చుకున్నాను.

"మార్చిలో విందులో విన్నాను. అచ్చం ఆమే."

"ఏమిటా మాట?"

"'బతుకు ఆగదు తల్లీ, ముందుకే నడుస్తుంది.'"

"తలుపు గడియ వెయ్యని ఆడది వార్తాపత్రిక మాట్లాడుతుందా?"

"మాట్లాడాలట," అన్నాడు. మొదటిసారి అతని మీద కాస్త జాలి కలిగింది.

నవంబరు 21

వెళ్ళను.

నవంబరు 22

వెళ్ళను. ఇన్ని సినిమాలు చేశాను, సినిమాహాల్లో నా గొంతు ఒక్కసారైనా వినపడలేదు. ఇప్పుడు వినపడితే అదీ ఆమె గొంతుగా వినపడాలట. ఎవడైనా వింటే నవ్విపోతాడు.

నవంబరు 23

కానీ గాలి నాది. ఊపిరి నాది. మాట ఎక్కడ ఆపాలో నాకు వదిలేస్తారు గదా. ఆ ఒక్క మాటలో నన్ను నేను పెట్టేస్తాను. చెవి ఉన్నవాడు గుర్తుపడతాడు, ఇది వేరే, ఇది గొప్పది, ఎవరిదబ్బా అని. సినిమా అంతా మర్చిపోయి ఆ మాటే గుర్తుపెట్టుకుంటారు. ముగింపు మాట గదా.

నీలం కోటు బ్రష్ చేశాను.

నవంబరు 25

రికార్డింగు గదిలోకి నేను వెళ్ళడం ఇదే మొదటిసారి. ఎప్పుడూ అద్దానికి ఇవతల కూర్చున్నదాన్ని. లోపల చాలా నిశ్శబ్దం. సొంత రక్తం చప్పుడు వినపడుతుంది.

తలెత్తి చూస్తే అద్దం అవతల షాహ్మార్, సేమ్యోన్, వాళ్ళ మధ్య కుర్చీలో సిముజార్. మెడకి తెల్ల గుడ్డ, ఒళ్ళో పలక. ఆమె వస్తుందని నాకెవరూ చెప్పలేదు.

"ఆమె సరే అంటేనే తీసుకుంటాం," అన్నాడు షాహ్మార్ స్పీకరులో. "గొంతు ఆమెది కదా."

తెరమీద వీపు కదిలింది. నేను చెప్పాను. ఎంత బాగా చెప్పానంటే నాకే ఒళ్ళు జలదరించింది. ఆ వార్తాపత్రిక మాటకి ప్రాణం వచ్చింది. సేమ్యోన్ బొటనవేలు పైకెత్తాడు.

సిముజార్ తల అడ్డంగా ఊపింది.

మళ్ళీ చెప్పాను. ఇంకా తియ్యగా, ఇంకా లోతుగా. తల అడ్డంగా. మళ్ళీ. తల అడ్డంగా. మా ఊరి గాడిద నీళ్ళు తాగనని మొండికేసినప్పుడు అట్లాగే ఊపేది. షాహ్మార్ వంగి ఆమె చెవిలో ఏదో అన్నాడు, ఆమె వినిపించుకోలేదు. చేతివేలు గుండ్రంగా తిప్పింది: ఇంకోసారి. నేను ఇంకోసారి. నా గొంతు ఎండిపోయింది. మంచినీళ్ళడిగితే సేమ్యోన్ ఆమె వైపు చూశాడు, ఇవ్వచ్చా అన్నట్టు. ఆమె వద్దంది.

"ఏం తక్కువైందే?" అని అరిచాను. అద్దం అవతలికి వినపడిందో లేదో.

అప్పుడు సుద్దముక్క తీసింది. తొందరేమీ లేకుండా రాసి, పలక అద్దానికి ఆనించి పట్టుకుంది.

"నా గొంతు ఇంత బాగుండేది కాదు. తగ్గించు."

ఎన్నేళ్ళ నుంచో ఆ గొంతు మోస్తున్నాను. విందుల్లో, సభల్లో, బజారులో. మోస్తూ మోస్తూ మెరుగు పెట్టుకున్నాను కాబోలు, నాకు తెలియకుండానే. నగ తోమినట్టు. ఆ మెరుగే నాది. మిగతాదంతా ఆమెది.

ఆ మెరుగు తీసెయ్యమంటోంది.

"మొదలెడదామా ఖానుమ్?" అన్నాడు షాహ్మార్.

కోటు విప్పి కుర్చీమీద వేశాను. తీపి తీసేసి చెప్పాను. తల అడ్డంగా. లోతు తీసేశాను. తల అడ్డంగా. ఊపిరి నాకు నచ్చినచోట ఆపడం మానేశాను. ఒక్కొక్కటీ తీసేస్తుంటే ఆమె కళ్ళు పెద్దవయ్యాయి, దగ్గరికి వచ్చాయి, అద్దానికి ఊపిరి తగిలి మసక కమ్మింది. తను వేళ్ళు మెడ గుడ్డమీద పెట్టి నొక్కి చూపించింది, ఇట్లా అని. నేను నా మెడ రెండు చేతులతో పట్టుకుని, నొక్కి, ఆ నొక్కులోంచి చెప్పాను.

"బతుకు ఆగదు తల్లీ, ముందుకే నడుస్తుంది."

సిముజార్ కళ్ళు మూసుకుంది. తల నిలువుగా ఊపింది.

సేమ్యోన్ యంత్రం ఆపాడు. షాహ్మార్ మైకు దగ్గరికి వంగాడు. సంతోషంతో అతని గొంతు చిన్నపిల్లాడిలా ఉంది.

"అదీ ఖానుమ్. ఇప్పుడు మీరెక్కడా లేరు."